మొక్కజొన్నకు నీరు ఎప్పుడు కావాలి?

అనంతపురం జిల్లా శింగనమల ప్రాంతంలో వానకాలంలో చేలవెంట నడిచి చూడండి. ఎర్ర నేలల్లో వేరుశనగ కనిపిస్తుంది. సాళ్ల మధ్య కంది కనిపిస్తుంది. అక్కడక్కడ జొన్న, సజ్జ, కొర్ర కనిపిస్తాయి. మొక్కజొన్న మాత్రం బోరు ఉన్నచోటో, చెరువు నీరు అందేచోటో తప్ప సాధారణంగా కనిపించదు. ఎందుకని పెద్దలను అడిగితే "దానికి నీళ్లు ఎక్కువ కావాలి" అంటారు.

ఈ జవాబులో సగమే నిజం. మొక్కజొన్నకు నీరు ఎంత కావాలి అన్నదానికంటే, ఎప్పుడు కావాలి అన్నది ముఖ్యమైన ప్రశ్న. దానికి జవాబు తెలియాలంటే ఈ మొక్క ఎక్కడినుంచి వచ్చిందో, ఎలా పూస్తుందో, దాని గింజ ఎలా తయారవుతుందో తెలుసుకోవాలి.

దూరదేశపు గడ్డి

వరి, జొన్న, చెరకు, వెదురు లాగే మొక్కజొన్న కూడా గడ్డి కుటుంబానికి చెందినదే. దాని శాస్త్రీయ నామం జియా మేస్. పుట్టిల్లు మెక్సికో. అక్కడ టియోసింటి అనే అడవి గడ్డి ఉంది. దాని కంకిలో ఉండేవి పది పన్నెండు గింజలే. ఒక్కొక్క గింజకు రాయిలాంటి గట్టి పెంకు ఉంటుంది. పండగానే గింజలు రాలిపోతాయి. సుమారు 9,000 సంవత్సరాల క్రితం మెక్సికో రైతులు ఈ గడ్డిని సాగు చేయడం మొదలుపెట్టారు. ప్రతి పంటలోనూ మంచి కంకులను ఏరి, వాటినే విత్తనానికి ఉంచారు. అలా తరతరాలుగా ఏరుతూ రాగా, వందల గింజలున్న నేటి కండె తయారైంది.

నేటి మొక్కజొన్న గింజలు వాటంతట అవి రాలవు. కండెను పొరలు కప్పి ఉంచుతాయి. మనిషి ఒలిచి నాటకపోతే ఈ మొక్క తన జాతిని తాను నిలబెట్టుకోలేదు. మనిషి దాన్ని పెంచాడు, అది మనిషిని పోషించింది.

1492లో కొలంబస్ అమెరికా ప్రాంతానికి చేరిన తరువాత ఈ పంట ఐరోపాకు, అక్కడినుంచి ఆఫ్రికాకు, ఆసియాకు వ్యాపించింది. మన దేశానికి పోర్చుగీసు వర్తకుల ద్వారా వచ్చిందని చరిత్రకారులు భావిస్తారు. మన జొన్నకూ దీనికీ పేరులోనే దగ్గరితనం. జొన్న ఆఫ్రికాలో పుట్టింది. తెలంగాణలో మొక్కజొన్నను మక్కలు అంటారు. అనంతపురానికి పొరుగున ఉన్న కన్నడ ప్రాంతంలో ముసుకిన జోళ అంటారు, అంటే ముసుగు వేసుకున్న జొన్న. కండెను చూసినవారికి ఆ పేరు ఎంత తగినదో వెంటనే తెలుస్తుంది.

ఒక గింజ, నూరు పనులు

వంద గ్రాముల ఎండు గింజల్లో సుమారు 70 గ్రాములు పిండి పదార్థం, 9 గ్రాములు మాంసకృత్తులు, 4 గ్రాములు నూనె ఉంటాయి. అయితే ఈ మాంసకృత్తుల్లో లైసిన్, ట్రిప్టోఫాన్ అనే ముఖ్యమైన ఆమినో ఆమ్లాలు తక్కువ. కనుక మొక్కజొన్నతో పాటు పప్పు, పాలు కూడా తీసుకుంటే మంచిది.

కాల్చిన కండె, సంకటి, రొట్టె మనకు తెలిసినవే. కాని మన దేశంలో పండే మొక్కజొన్నలో పెద్ద భాగం మనుషుల నోటికి నేరుగా చేరదు. కోళ్ల దాణాగా పోతుంది. మీరు తినే కోడిగుడ్డు వెనుక చాలావరకు మొక్కజొన్న ఉందన్నమాట. గింజనుంచి తీసిన పిండి పదార్థాన్ని నూలుకు గంజి పెట్టడానికి, కాగితం తయారీలో, మందు బిళ్లలు విడిపోకుండా కట్టి ఉంచడానికి వాడతారు. మిఠాయిలకు, మందులకు కావలసిన గ్లూకోజును కూడా దాన్నుంచి తయారు చేస్తారు. కస్టర్డ్ పొడిలో ఉండేది ముఖ్యంగా ఈ పిండే. అంకురంనుంచి నూనె వస్తుంది. గింజలను పులియబెట్టి ఇథనాల్ తీస్తారు, దాన్ని పెట్రోలులో కలుపుతారు. పచ్చి మొక్కను ముక్కలు చేసి, గాలి చొరకుండా పాతరవేస్తే పశువులకు పాతర మేత అవుతుంది. గింజలు ఒలిచాక మిగిలే బెండు పొయ్యిలోకి పనికివస్తుంది.

పేలాల సంగతి కూడా చెప్పుకోవాలి. పేలాల రకం గింజకు పై పొర చాలా గట్టిగా ఉంటుంది. లోపల సుమారు 14 శాతం తేమ ఉంటుంది. వేడి 180 సెంటిగ్రేడు డిగ్రీల దగ్గరికి వచ్చేసరికి లోపలి ఆవిరి ఒత్తిడికి పొర పగులుతుంది, మెత్తబడిన పిండి నురగలా ఉబ్బి ఆరిపోతుంది. పొర పగిలిన గింజ, పూర్తిగా ఎండిపోయిన గింజ పేలవు. ఎందుకో మీరే ఆలోచించండి.

ఇన్ని పనులకు కావాలి గనుకనే మన దేశంలో ఈ పంట విపరీతంగా పెరిగింది. 1950–51లో సుమారు 17 లక్షల టన్నులు పండింది. 2022–23లో సుమారు 3 కోట్ల 80 లక్షల టన్నులు పండింది. 1961లో మన దేశంలో మొదటిసారిగా నాలుగు సంకర రకాలను విడుదల చేశారు. వాటిలో దక్కన్ అనే రకం హైదరాబాదులో జరిగిన పరిశోధన ఫలితం.

ఇంత గిరాకీ ఉన్న పంటను శింగనమల రైతు తన మెట్ట చేలో ఎందుకు వేయడు? ఇప్పుడు మొక్క దగ్గరికి వద్దాం.

ఒకే మొక్క, రెండు రకాల పూలు

వరి పూవులో మగ భాగం, ఆడ భాగం పక్కపక్కనే ఉంటాయి. మొక్కజొన్నలో అలా కాదు. కొసన గుబురుగా వచ్చే జల్లులో ఉండేవి మగ పూలు. కాండం మధ్యలో ఆకు చంకనుంచి వచ్చే కండెలో ఉండేవి ఆడ పూలు. రెండు రకాల పూలు వేరువేరుగా ఒకే మొక్కమీద ఉండటాన్ని ద్విలింగాశ్రయ స్థితి అంటారు.

కండె కొసనుంచి పట్టుదారాల్లా వేలాడే పీచు మీరు చూసే ఉంటారు. దాన్ని పనికిరాని చెత్త అనుకొని పారేస్తాం. కాని అందులోని ఒక్కొక్క దారం ఒక్కొక్క ఆడ పూవుకు చెందిన కీలం. కండెలో ఎన్ని గింజలు కట్టాలో అన్ని దారాలు బయటికి రావాలి. జల్లునుంచి రాలిన పుప్పొడి రేణువు గాలికి ఎగిరి వచ్చి దారంమీద పడుతుంది. అక్కడ సన్నని గొట్టంలా మొలిచి, దారం లోపలినుంచే ప్రయాణించి, సుమారు ఒక రోజులో అడుగున ఉన్న అండాన్ని చేరుతుంది. అప్పుడు ఫలదీకరణం జరిగి గింజ కడుతుంది. పుప్పొడి అందని దారం అడుగున గింజ ఉండదు. అక్కడక్కడ పళ్లు ఊడిన నోరులా కనిపించే కండెలకు కారణం ఎక్కువగా ఇదే.

తక్కువ నీటితో ఎక్కువ పదార్థం

ఇప్పుడు ఒక వింత చూడండి. మొక్క గాలిలోని బొగ్గుపులుసు వాయువును తీసుకోవాలంటే పత్రరంధ్రాలు తెరవాలి. తెరిచినప్పుడల్లా లోపలి నీరు ఆవిరై పోతుంది. ఆహారం కావాలంటే నీరు పోగొట్టుకోక తప్పదు. మొక్కజొన్న, జొన్న, చెరకు వంటి మొక్కలు ఈ బేరంలో మహా నేర్పరులు. వాటి ఆకుల్లో బొగ్గుపులుసు వాయువును ముందుగా పట్టి, లోపలి కణాల్లో చిక్కగా కూడబెట్టే ప్రత్యేక ఏర్పాటు ఉంది. అందులో మొదట తయారయ్యే పదార్థంలో నాలుగు కర్బన పరమాణువులు ఉంటాయి కనుక వీటిని సి-4 మొక్కలు అంటారు.

దీని ఫలితం ఏమిటి? ఒక కిలో ఎండు పదార్థం తయారు చేయడానికి గోధుమ మొక్కకు సుమారు 500 లీటర్ల నీరు కావాలి. మొక్కజొన్నకు సుమారు 350 లీటర్లు చాలు. అంటే మొక్కజొన్న నీటిని దుబారా చేసే మొక్క కాదు. మరి చిక్కు ఎక్కడ?

ఆ రెండు వారాలు

చిక్కు పీచు దగ్గర ఉంది. విత్తిన 50 నుంచి 65 రోజుల మధ్య జల్లు, పీచు వస్తాయి. పీచు దారాలు పొడవు పెరగడానికి పుష్కలంగా నీరు కావాలి. ఆ సమయంలో బెట్ట వస్తే ఏమవుతుంది? జల్లు దాదాపు సకాలానికే వస్తుంది. దాని పుప్పొడి వారం రోజుల్లో రాలిపోతుంది. పీచు మాత్రం ఆలస్యమవుతుంది. పీచు బయటికి వచ్చేసరికి చేలో పుప్పొడి అయిపోతుంది. పెళ్లికొడుకు వచ్చి వెళ్లిపోయాక పెళ్లికూతురు పందిట్లోకి వచ్చినట్టు! ఆ తరువాత ఎంత వాన కురిసినా, కట్టని గింజ కట్టదు. ఈ దశలో వచ్చిన గట్టి బెట్టకు దిగుబడి సగానికి పడిపోవచ్చు. చేను పచ్చగానే ఉంటుంది, కండె మాత్రం బోసిగా ఉంటుంది.

శింగనమల లెక్క

అనంతపురం జిల్లాలో ఏడాదికి సగటున పడే వాన సుమారు 550 మిల్లీమీటర్లు. పడమటి కనుమలు నైరుతి ఋతుపవనాల తేమను చాలావరకు అడ్డగిస్తాయి. ఈశాన్య ఋతుపవనాలు తూర్పు తీరాన్ని తడిపి, ఇక్కడికి వచ్చేసరికి బలహీనపడతాయి. అందువల్ల ఈ పీఠభూమి రెండింటికీ దూరమైంది.

ఒక మిల్లీమీటరు వాన ఒక ఎకరంమీద పడితే సుమారు 4,047 లీటర్లు. మొక్కజొన్న పంటకు మొత్తంమీద 500 మిల్లీమీటర్ల నీరు చాలనుకుందాం. అంటే ఎకరానికి సుమారు 20 లక్షల లీటర్లు. ఏడాది వాన 550 మిల్లీమీటర్లు గనుక సరిపోయినట్టే కనిపిస్తుంది. కాని జూన్ నుంచి సెప్టెంబరు వరకు పడేది అందులో సుమారు 340 మిల్లీమీటర్లే. అది కూడా కొన్ని గట్టి వానలుగా పడుతుంది. కొంత పారిపోతుంది, కొంత ఆవిరవుతుంది.

మిగిలిన నీటిని నేల ఎన్నాళ్లు దాచగలదు? మీటరు లోతు ఎర్ర నేల మొక్కకు అందేలా సుమారు 100 మిల్లీమీటర్ల నీటిని దాచగలదు. నల్లరేగడి దాదాపు రెండింతలు దాచగలదు. చేలో ఎర్రమట్టి 40 సెంటిమీటర్ల లోతే ఉండి, కింద గరుసు ఉంటే, దాచగలిగేది 40 మిల్లీమీటర్లే. పీచు వేసే దశలో మొక్కజొన్న చేను ఎండ కాసే రోజున సుమారు 7 మిల్లీమీటర్ల నీటిని ఖర్చు చేస్తుంది. నలభైని ఏడుతో భాగించండి. ఆరు రోజులు కూడా నిండవు! బెట్ట రెండు మూడు వారాలు సాగడం ఇక్కడ కొత్త కాదు. మెట్ట రైతు మొక్కజొన్న జోలికి ఎందుకు పోడో ఈ చిన్న భాగహారం చెబుతుంది.

ఆగగల పంటలు

మరి జొన్న, వేరుశనగ ఎలా నిలుస్తాయి? జొన్న ఆకులమీద మైనపు పూత ఉంటుంది, నీరు త్వరగా పోదు. బెట్ట వస్తే జొన్న పెరుగుదల ఆపి నిద్రపోయినట్టు ఉండి, వాన పడగానే మళ్లీ పెరుగుతుంది. దాని పూవులోనే మగ, ఆడ భాగాలు రెండూ ఉంటాయి గనుక కలుసుకోవడం ఆలస్యమయ్యే బాధ లేదు.

వేరుశనగ పద్ధతి వేరు. విత్తిన నెల రోజులకు పూత మొదలై వారాలకొద్దీ సాగుతుంది. ఒక విడత పూత బెట్టకు పోయినా, తరువాతి వానకు మరో విడత పూత వచ్చి ఊడలు దిగుతాయి. పంట తగ్గవచ్చు కాని మొత్తం పోవడం అరుదు. మొక్కజొన్నకు ఉన్నది ఒకే ఒక్క అవకాశం. వేరుశనగకు ఒకటికి నాలుగు అవకాశాలు. మన ప్రాంతపు రైతులు ఈ పంటలను ఊరికే ఎంచుకోలేదని తెలిసింది గదా! అయితే వేరుశనగకు కూడా ఓర్పుకు హద్దు ఉంది. చేనంతా ఒకే పంట వేయకుండా కంది, జొన్న, కొర్ర కలిపి వేస్తే, ఒకటి పోయినా మరొకటి దక్కుతుంది.

నీరు ఉన్నచోట సాగు

చెరువు నీరో, బోరో ఉన్నచోట మొక్కజొన్న బాగా పండుతుంది. కోస్తా జిల్లాల్లో వరి కోశాక, దున్నకుండానే ఆ తడి నేలలో మొక్కజొన్న గింజలు నాటి మంచి పంట తీస్తున్నారు.

ఎకరానికి సుమారు 8 కిలోల విత్తనం కావాలి. సాళ్ల మధ్య 60 సెంటిమీటర్లు, మొక్కల మధ్య 20 సెంటిమీటర్లు దూరం ఉంచితే ఎకరానికి సుమారు 33 వేల మొక్కలు వస్తాయి. మొదటి నెలలో చేలో నీరు నిలవకూడదు. లేత వేర్లకు గాలి అందక మొక్కలు చనిపోతాయి. అందుకే బోదెలు చేసి వాటి పక్కన గింజ నాటుతారు. నత్రజని ఎరువును ఒకేసారి వేయకుండా విత్తేటప్పుడు, మొక్క మోకాలెత్తు పెరిగినప్పుడు, జల్లు వచ్చేముందు విడతలుగా వేస్తారు. నీరు తక్కువగా ఉంటే ఇతర తడులను తగ్గించవచ్చు గాని, జల్లు, పీచు వచ్చేటప్పుడు, గింజ పాలు పోసుకొనేటప్పుడు తడి తప్పకూడదు.

శత్రువులు కూడా ఉన్నాయి. అమెరికా ఖండాలకు చెందిన కత్తెర పురుగు 2018లో మన దేశంలో మొదట కర్ణాటకలో కనిపించింది. ఆ సంవత్సరమే తెలుగు రాష్ట్రాలకు చేరింది. అది మొవ్వులో దాగి లేత ఆకులను తినేస్తుంది. రైతు తొలి రోజులనుంచే మొవ్వులు పరిశీలిస్తూ ఉండాలి. గింజ అడుగున నల్లని చుక్క కనిపిస్తే పంట పక్వానికి వచ్చిందని గుర్తు. కోసిన గింజలను బాగా ఎండబెట్టాలి. తేమ ఉంటే ఆస్పర్జిల్లస్ అనే బూజు పెరిగి అఫ్లాటాక్సిన్ అనే విషాన్ని తయారు చేస్తుంది. వేరుశనగకు కూడా ఇదే ప్రమాదం. బూజు పట్టిన గింజలను మనుషులు తినకూడదు, పశువులకు పెట్టకూడదు.

పీచు త్వరగా రావాలంటే

శాస్త్రజ్ఞులు ఈ సమస్యను ఎలా ఎదుర్కొన్నారో చూడండి. మెక్సికోలో సిమిట్ అనే అంతర్జాతీయ పరిశోధన సంస్థ ఉంది. అక్కడ మొక్కజొన్నను కావాలనే పూత సమయంలో నీరు లేకుండా ఎండబెట్టారు. అంత బెట్టలోనూ జల్లుతోపాటే పీచు వేసిన మొక్కలను ఏరి, వాటి విత్తనాన్ని మళ్లీ నాటారు. ఇలా కొన్ని తరాలపాటు ఏరగా బెట్టలో కూడా మెరుగైన దిగుబడి ఇచ్చే రకాలు తయారయ్యాయి. 9,000 సంవత్సరాల క్రితం మెక్సికో రైతు చేసినదీ ఏరడమే. హైదరాబాదు దగ్గరి పటాన్‌చెరులో కూడా ఈ సంస్థ శాస్త్రజ్ఞులు వేడికి, బెట్టకు తట్టుకొనే మొక్కజొన్నకోసం పనిచేస్తున్నారు.

రెండో మార్గం నీటిని దాచడం. చేలో పది మీటర్ల పొడవు, పది మీటర్ల వెడల్పు, రెండు మీటర్ల లోతు ఉన్న కుంట నిండితే రెండు లక్షల లీటర్లు. ఎకరానికి 25 మిల్లీమీటర్ల తడి ఇవ్వడానికి లక్ష లీటర్లు కావాలి. ఇంకడం, ఆవిరవడం పోను కనీసం ఒక తడి దక్కుతుంది. ఏ పంటకైనా సరే, ఏ రోజున ఇవ్వాలో తెలిసి ఇచ్చిన ఒక్క తడి, తెలియక పెట్టిన మూడు తడులకంటే మేలు.

మీరే చూడండి

ఈసారి పచ్చి మొక్కజొన్న కండె దొరికినప్పుడు ఈ పనులు చేయండి.

ఒకటి: పొరలు ఒలిచి గింజల వరుసలు లెక్కించండి. మీ స్నేహితుల కండెల్లో కూడా లెక్కించండి. దాదాపు ఎప్పుడూ 12, 14, 16 వంటి సరి సంఖ్యే వస్తుంది. కండెమీద ఆడ పూలు జంటలు జంటలుగా పుట్టడమే దీనికి కారణం.

రెండు: ఒక వరుసలో ఎన్ని గింజలున్నాయో లెక్కించి వరుసల సంఖ్యతో గుణించండి. ఆ కండెకు పుప్పొడి అందిన దారాలు ఎన్నో తెలుస్తుంది.

మూడు: చేలో పీచు వేసి నాలుగైదు రోజులైన కండెను రైతును అడిగి ఒకటి తీసుకోండి. పీచు తెగకుండా పొరలను మెల్లగా ఒలిచి, కండెను తలకిందులుగా పట్టుకొని విదిలించండి. ఫలదీకరణం జరిగిన చోట దారం ఊడి రాలిపోతుంది. జరగని చోట దారం అంటుకొనే ఉంటుంది. ఎన్ని దారాలు మిగిలాయో చూస్తే, ఆ చేలో పంట ఎంత వస్తుందో కోతకు నెలన్నాళ్ల ముందే అంచనా వేయవచ్చు. దారాలు చాలా మిగిలితే ఆ రైతుతో మాట్లాడండి. పీచు వేసే రోజుల్లో చేనికి తడి అందిందా, వాన ఎన్నాళ్లు ముఖం చాటేసింది, అడిగి మీ నోటుపుస్తకంలో రాసుకోండి. మీ ఊరి వానకూ, మీ ఊరి గింజకూ ఉన్న సంబంధం ఆ పుటలో కనిపిస్తుంది.